గుండం ముందు కెమెరా: కృష్ణా డెల్టాలో ఆస్తికత, నాస్తికత, డాక్యుమెంటరీ

విశ్వాసం మీద డాక్యుమెంటరీ తీయబోయే దర్శకుడికి మొదటి అడ్డంకి విశ్వాసమే. అది కంటికి కనపడదు. కనపడేవి జోడించిన చేతులు, గుండు చేయించుకున్న తలలు, తడి బట్టలతో పొర్లుదండాలు, కొట్టిన కొబ్బరికాయలు. వాటి వెనక ఉన్నది భక్తా, భయమా, అలవాటా, అత్తగారి మాట కాదనలేక చేసిన పనా అన్నది కెమెరాకు తెలిసే దారి లేదు. నాస్తికుడి సంగతీ అంతే. దేవుడు లేడన్న మాటకు బొమ్మ లేదు. గుడికి వెళ్లని మనిషిని తెరమీద చూపాలంటే ఇంట్లో కూర్చుని పేపరు చదువుకుంటున్నట్టు చూపాలి. అది చూడ్డానికి ఎవరు కూర్చుంటారు?

కృష్ణా డెల్టాలో ఈ చిక్కుకు ఒక దారి దొరుకుతుంది. ఇక్కడ నూరేళ్లుగా నమ్మేవాళ్లూ, నమ్మనివాళ్లూ, లోకం నమ్మే తీరుకు భిన్నంగా నమ్మేవాళ్లూ తమ సంగతిని నలుగురి ముందు చేతలతో చెప్పుకుంటూ వచ్చారు. పుస్తకాలు రాశారు, సభల్లో వాదించుకున్నారు, నిజమే. కానీ తేల్చుకున్నది పెళ్లి పందిట్లో, భోజనాల బంతిలో, పిల్లలకు పెట్టిన పేర్లలో, నిప్పుల గుండం మీద. అందువల్ల ఇక్కడ డాక్యుమెంటరీకి దృశ్యాల కరువు లేదు. అవి మరీ ఎక్కువ కావడమే ప్రమాదం. ఒక్క ఉత్సవాన్నో ఒక్క ప్రదర్శననో తీసుకుని వెనుదిరిగిన చిత్రం ఏ పక్షాన నిలిచినా సగం నిజమే చెబుతుంది. మిగతా సగం మర్నాడు, మరుసటి ఏడు, పిల్లల తరంలో ఉంటుంది.

విజయవాడనే తీసుకుంటే మూడు విశ్వాసాలను ఒకే పూటలో చిత్రీకరించవచ్చు. ఇంద్రకీలాద్రి మీద దుర్గమ్మ. దసరా నవరాత్రుల్లో రోజుకో అలంకారం, మూలా నక్షత్రం రోజున సరస్వతీ రూపం, ఆ తర్వాత మార్గశిరంలో ఎర్రబట్టలు కట్టి ఇరుముడులతో వచ్చే భవానీ దీక్షాపరులు. ఊరికి రెండో వైపు గుణదల కొండ. ఫాదర్ ఆర్లాటి 1924లో అక్కడి గుహలో లూర్దుమాత స్వరూపాన్ని ప్రతిష్ఠించారు. ఏటా ఫిబ్రవరి 9 నుంచి 11 దాకా జరిగే ఉత్సవానికి వచ్చేవారిలో క్రైస్తవులు కానివారూ ఎంతోమంది. తలనీలాలు ఇచ్చేవారున్నారు, కొబ్బరికాయ కొట్టేవారున్నారు. ఈ రెంటి నడుమ, బెంజ్ సర్కిల్ దగ్గర పటమటలో, నాస్తిక కేంద్రం. కొండ మీద గుడి, కొండ మీద చర్చి, నడుమ నాస్తిక కేంద్రం అంటూ ఒక్క షాటులో ఊరిని చుట్టేయాలన్న ఆశ కొత్త దర్శకుడికి కలగడం సహజం. ఆ షాటు అందంగానే వస్తుంది. దానివల్ల తెలిసేది మాత్రం బస్సు రూటు కంటే ఎక్కువ కాదు.

డెల్టాకు ఎగువన, మునేటి ఒడ్డున ఉన్న పెనుగంచిప్రోలులో ఇంతకంటే లోతైన దృశ్యం ఉంది. అక్కడి తిరుపతమ్మ పుట్టింది అనిగండ్లపాడులో. పెనుగంచిప్రోలు కోడలిగా వచ్చి, నిందలు పడి, దేవతగా నిలిచిందని కథ. మాఘంలో పెద్ద తిరునాళ్లు, ఫాల్గుణంలో చిన్న తిరునాళ్లు. అవి అందరూ తీసేవే. చూడవలసింది రంగుల ఉత్సవం. రెండేళ్లకోసారి అమ్మవారి, ఆమె భర్త గోపయ్య స్వామి విగ్రహాలు ఊరేగింపుగా జగ్గయ్యపేట వెళ్లి, రంగులు వేయించుకుని, మళ్లీ ఊరేగింపుగా తిరిగి వస్తాయి. రంగు డబ్బా, కుంచె, పాత రంగు వెలిసిన చెక్కిలి, దాని మీద మళ్లీ పసుపు. వెటకారం చేయాలనుకున్న దర్శకుడికి ఇక్కడే దొరికిందనిపిస్తుంది: చూశారా, దేవతను మనిషే దిద్దుతున్నాడు. అయితే ఆ సంగతి భక్తులకు ముందే తెలుసు. రంగు వెలిసిందని చూసి, బండి కట్టి తీసుకువచ్చింది వాళ్లే. మనిషి దిద్దిన బొమ్మ కావడానికీ అమ్మవారు కావడానికీ వాళ్ల లెక్కలో పేచీ లేదు. రహస్యం బయటపెట్టడానికి వెళ్లిన కెమెరాకు అక్కడ రహస్యమే ఉండదు.

డెల్టా హేతువాదానికి ఊరు పేరు చెప్పమంటే ముందు గుడివాడ దగ్గర అంగలూరు చెప్పాలి. త్రిపురనేని రామస్వామి చౌదరి 1887లో పుట్టింది అక్కడే. డబ్లిన్‌లో న్యాయశాస్త్రం చదివి వచ్చి, తెనాలిలో సూతాశ్రమం పెట్టుకుని, పురాణాలను తిరగరాసిన కవిరాజు ఆయన. 'సూతపురాణం', 'శంబుక వధ' సాహిత్య చరిత్రకు తెలిసిన పుస్తకాలే. డాక్యుమెంటరీ కోణంలో వాటికంటే పనికొచ్చేది 'వివాహ విధి' అనే చిన్న పుస్తకం. సంస్కృత మంత్రాల బదులు వధూవరులకు అర్థమయ్యే తెలుగులో పెళ్లి తంతు రాసి, ఆ పెళ్లిళ్లను ఆయనే నిలబడి జరిపించారు. గమనించవలసింది ఏమిటంటే ఆయన పెళ్లిని తీసిపారేయలేదు. పీటలు, పందిరి, చుట్టాలు అన్నీ ఉన్నాయి. మాట మారింది, మాట పలికే మనిషి మారాడు. మూగ కెమెరాతో తీస్తే అది మామూలు పెళ్లే. మైకు పెడితేనే తిరుగుబాటు.

ఆయన కుమారుడు గోపీచంద్ (1910–1962) ఈ కథలో అన్నిటికంటే ఆసక్తి కలిగించే వ్యక్తి. తండ్రి హేతువాదంలో పెరిగాడు. మార్క్సిజం చదివాడు. ఎం.ఎన్. రాయ్ భావాలకు ఆకర్షితుడై ఆంధ్ర రాడికల్ డెమొక్రటిక్ పార్టీకి కార్యదర్శిగా పనిచేశాడు. చివరికి అరవిందుడి తత్వం దగ్గరికి చేరాడు. 'అసమర్థుని జీవయాత్ర' రాసిన చేతితోనే 'పండిత పరమేశ్వరశాస్త్రి వీలునామా' రాశాడు. రెండో దానికి 1963లో, ఆయన పోయాక, సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చింది. తండ్రి శిష్యులకు ఈ మలుపు మింగుడుపడలేదు. భక్తులకు ఆయన పూర్తిగా తమవాడని అనిపించలేదు. మధ్యలో సినిమాలు తీశాడు. 1950లో 'లక్ష్మమ్మ', 1951లో 'పేరంటాలు'. జనం దేవతగా కొలిచిన ఇల్లాలి కథను కవిరాజు కొడుకు తెరకెక్కించడం డెల్టాలోనే సాధ్యమైన వింత. అవి కథాచిత్రాలు, డాక్యుమెంటరీలు కావు. అయినా విశ్వాసం గురించి సినిమా తీయదలచినవాడికి గోపీచంద్ జీవితం పాఠమే. నమ్మకం ఒక మనిషిలో నలభై ఏళ్లలో నాలుగు మజిలీలు మారవచ్చు. ఏ ఒక్క మజిలీలో ఇంటర్వ్యూ చేసినా అతను పూర్తి ధీమాతోనే మాట్లాడి ఉండేవాడు. మూడో తరంలో ఆయన కుమారుడు సాయిచంద్ 'మా భూమి'లో నటించి, తర్వాత డాక్యుమెంటరీల వైపు వెళ్లడం ఈ కుటుంబ చరిత్రకు సహజమైన కొనసాగింపు.

చేతలతో నాస్తికత్వం చెప్పిన మనిషి గోపరాజు రామచంద్రరావు. గోరా అంటేనే జనానికి తెలుసు. 1902 నవంబరు 15న ఛత్రపురంలో పుట్టారు. మద్రాసు ప్రెసిడెన్సీ కాలేజీలో వృక్షశాస్త్రంలో ఎం.ఏ. చేసి మధుర, కోయంబత్తూరు, కొలంబో, కాకినాడల్లో పనిచేశారు. నాస్తిక భావాల వల్ల 1933లో కాకినాడ ఉద్యోగం పోయింది. తర్వాత మచిలీపట్నం హిందూ కాలేజీ. దానికి కూతవేటు దూరాన చిలకలపూడిలో భక్త నరసింహం పాండురంగ క్షేత్రం అప్పుడప్పుడే వెలుగులోకి వస్తోంది. ఒకే ఊళ్లో, ఒకే దశాబ్దంలో, ఒకరు దేవుణ్ణి నిలబెడుతుంటే మరొకరు దేవుడు లేడని పాఠం చెబుతున్నారు. ఇద్దరికీ జనం ఉన్నారు.

మచిలీపట్నం ఉద్యోగమూ నిలవలేదు. ఉయ్యూరు దగ్గరి ముదునూరు గ్రామస్థులు పిలిస్తే వెళ్లి 1940 ఆగస్టు 10న అక్కడ నాస్తిక కేంద్రం ప్రారంభించారు. 1947లో అది పటమటకు మారింది. గోరా పద్ధతి వాదన కంటే పని. జంధ్యం తీసేశారు. దయ్యాల కొంపగా పేరుపడ్డ ఇంట్లో కాపురం పెట్టారు. పదేళ్ల వయసులో ఆయన్ను పెళ్లాడిన సరస్వతి, గర్భంతో ఉన్నప్పుడు గ్రహణం వేళ బయటికి వచ్చి నిలబడ్డారు. ఆ రోజుల్లో సభలో గంట ఉపన్యాసం కంటే ఈ పని ఎక్కువ దూరం పోయింది. పుట్టబోయే బిడ్డ ఎలా ఉంటుందోనని వీధి వీధంతా నెలల తరబడి ఎదురుచూస్తుంది కదా. బిడ్డ ఆరోగ్యంగా పుట్టింది. ప్రచారం దానంతటదే జరిగింది.

పేర్లు కూడా ఇలాంటి పనే చేశాయి. ఉప్పు సత్యాగ్రహం ఏడాది పుట్టిన కొడుకు లవణం, యుద్ధం మొదలైన రోజుల్లో పుట్టినవాడు సమరం, తొమ్మిదో సంతానం నౌ. దేవుడి పేరు, తాత పేరు తప్ప మరో పేరు వినని ఊళ్లో హాజరు పట్టీ పిలిచిన ప్రతిసారీ ఆ ఇంటి సిద్ధాంతం వినపడేది.

అంటరానితనాన్ని ఎదిరించడానికి గోరా ఎంచుకున్నవి సహపంక్తి భోజనాలు, కులాంతర వివాహాలు. 1944–45 ప్రాంతంలో సేవాగ్రాంలో గాంధీతో మొదలైన పరిచయం ఈ పనుల వల్లనే బలపడింది. పెద్ద కుమార్తె మనోరమకూ దళిత యువకుడు అర్జునరావుకూ తన ఆశ్రమంలో పెళ్లి జరిపించడానికి గాంధీ ఒప్పుకున్నారు. ప్రమాణంలో దేవుడి మాట ఉండరాదన్నది గోరా పట్టు. దేవుడి పేర కాక సత్యం పేర చేయించడానికి గాంధీ సమ్మతించారు. ఆ పెళ్లి చూడకుండానే హత్యకు గురయ్యారు. 1948 మార్చి 13న సేవాగ్రాంలోనే వివాహం జరిగింది. ఈ సంభాషణలన్నీ గోరా రాసిన 'యాన్ ఎథీయిస్ట్ విత్ గాంధీ' అనే చిన్న పుస్తకంలో ఉన్నాయి. నవజీవన్ వారు 1951లో ప్రచురించారు. ప్రార్థన చేసే మనిషి, చేయని మనిషి, ఇద్దరికీ మధ్య ఒక పెళ్లి. డాక్యుమెంటరీ రచయితకు ఇంతకంటే పుష్టి ఉన్న సన్నివేశం దొరకదు. ఇందులో ఎవరూ ఎవరినీ ఓడించలేదు.

గోరా అన్నిసార్లూ ఇంత సౌమ్యంగా లేరు. 1972 ఆగస్టు 15న, స్వాతంత్ర్య రజతోత్సవం రోజున, విజయవాడలో గొడ్డుమాంసం, పందిమాంసం కలిపి వడ్డించిన సభ పెద్ద దుమారం రేపింది. హిందువూ ముస్లిమూ తమ తమ నిషేధాలు దాటి కలిసి తినాలన్నది ఉద్దేశం. ఆ ఏడాదే మొదటి ప్రపంచ నాస్తిక మహాసభ విజయవాడలో జరిగింది. 1975 జూలై 26న ఒక సభలో మాట్లాడుతూనే గోరా కన్నుమూశారు. తర్వాత మూడు దశాబ్దాలు, 2006లో తన మరణం దాకా, సరస్వతీ గోరా ఆ కేంద్రాన్ని నడిపారు. పరదేశీ కెమెరాలు గోరా ఫోటోల మీద నిలిచినంత సేపు ఆమె మీద నిలవకపోవడం చెప్పుకోదగ్గ లోపమే.

ఈ కేంద్రానికి వెళ్లిన ఏ చిత్ర బృందమైనా మొదట అడిగేది నిప్పుల మీద నడక. ఎండు కట్టెలు పేర్చి తగలబెడతారు. మంట చల్లారి నిప్పులయ్యాక పొడవాటి కర్రలతో కొట్టి చదును చేస్తారు. పైన నుసి లేకుండా చేటలతో విసురుతారు. చీకటి పడితే గుండం ఎర్రగా వెలుగుతుంది. జాతరలో అయితే పసుపు బట్టలు, వేపమండలు, డప్పులు. నాస్తికుల కార్యక్రమంలో మోకాళ్ల దాకా మడిచిన ప్యాంట్లు, మైకులో వ్యాఖ్యానం. నాలుగైదు అంగల్లో మనిషి అవతల ఉంటాడు. రెండు చోట్లా కాళ్లు కాలవు. నిప్పుల వేడి ఐదారు వందల డిగ్రీలున్నా బొగ్గు వేడిని తొందరగా వదలదు, విసిరాక కూడా మిగిలే పల్చటి బూడిద పొర అడ్డుంటుంది, పాదం ఒక్కో చోట నిలిచేది సెకను కంటే తక్కువ. నిలబడిపోతే ఎవరికైనా కాలుతుంది. తడబడి పడిపోయి గాయపడినవారూ ఉన్నారు.

ఇక్కడ కెమెరా చేసే మోసం ఒకటుంది. గుండాన్ని తీసే ప్రతివాడికీ స్లో మోషన్ పెట్టాలనిపిస్తుంది. నిప్పుల మీద పాదం దిగడం, చుట్టూ రవ్వలు లేవడం, మెల్లగా పైకి లేవడం. అద్భుతంగా ఉంటుంది. కాలు కాలకపోవడానికి అసలు కారణం పాదం ఆగిన కొద్ది క్షణమే. ఆ క్షణాన్ని ఐదు సెకన్లకు సాగదీస్తే కారణం చచ్చిపోయి మహిమ మిగులుతుంది. నాస్తికుడి మాట వినిపిస్తూ కింద ఈ దృశ్యం వేసిన చిత్రం తన మాటను తానే కొట్టేసుకుంటోంది. జాతరకైనా, నాస్తిక సభకైనా గుండం పొడుగునా ఒకే షాటు, మామూలు వేగంతో, ధ్వని తెగకుండా ఉండాలి. అప్పుడే ఆ నడక ఎంత చిన్నదో చూసేవాడికి తెలుస్తుంది.

ఇలాంటిదే 1995 సెప్టెంబరు 21న దేశమంతా జరిగింది. వినాయకుడు పాలు తాగుతున్నాడన్న వార్త పొద్దున్నే పుట్టి సాయంత్రానికల్లా ఊరూరా పాకింది. టీవీల్లో కనపడింది చెంచా, తొండం, తగ్గిపోతున్న పాలు. దగ్గరి షాటులో అది తిరుగులేని సాక్ష్యం. శాస్త్రవేత్తలు పాలలో రంగు కలిపి పట్టించారు. విగ్రహం మీదుగా పల్చటి చారగా పాలు కిందికి జారడం అప్పుడు కనిపించింది. ద్రవాల తలతన్యత వల్ల జరిగే మామూలు పని. కెమెరాను రెండడుగులు వెనక్కి జరిపి ఉంటే, విగ్రహం కింద తడి కూడా ఫ్రేములోకి వచ్చేది. అబద్ధం చెప్పడానికి బొమ్మను మార్చనక్కరలేదు. ఎక్కడ నిలబడాలో తెలియకపోతే చాలు.

గుండం దగ్గర రెండు పక్షాలూ ఒకేలా కనపడ్డట్టే, భోజనాల దగ్గరా కనపడతాయి. కృష్ణా పశ్చిమ డెల్టాలో, బాపట్లకు దగ్గరగా, జిల్లెళ్లమూడి అనే చిన్న ఊరుంది. ఆ ఊరి కరణం బ్రహ్మాండం నాగేశ్వరరావు భార్య అనసూయాదేవి (1923–1985). లోకానికి జిల్లెళ్లమూడి అమ్మ. శాస్త్రం చదివిన గురువు కాదు, సన్యాసిని కాదు, పిల్లల తల్లి. సృష్టి అంతా దైవమే కాబట్టి విడిగా వెతకవలసింది లేదన్నట్టు మాట్లాడేవారు. తపస్సు, ఉపదేశం ఆశించి వచ్చిన పండితులకు ముందు అన్నం పెట్టించేవారు. 1958 ఆగస్టు 15న మొదలైన అన్నపూర్ణాలయంలో కులం అడగకుండా, వేళ చూడకుండా వడ్డన. ఆచారవంతులైన కుటుంబాలకు అది నాస్తికుల పంక్తి కంటే ఇరకాటంలో పెట్టిన వ్యవహారం. నాస్తికుణ్ణి వెలివేయవచ్చు. అమ్మ అని మొక్కినచోట పెట్టిన అన్నం వద్దనడం ఎలా?

గోరా ముదునూరు బంతి, జిల్లెళ్లమూడి అమ్మ బంతి పక్కపక్కన పెట్టి చూస్తే విస్తళ్లు అవే, అన్నం అదే, పక్కన కూర్చున్నవాడి కులం అడగకపోవడమూ అదే. ఒకరు దేవుడు లేడు కాబట్టి అందరూ సమానమన్నారు. మరొకరు అందరూ దైవమే కాబట్టి తేడా లేదన్నారు. కెమెరాకు ఈ తేడా పట్టదు. ఆ తేడాను పట్టుకోవాలంటే దర్శకుడు వడ్డన అయ్యాక కూడా ఉండాలి. ఇంటికి తిరిగి వెళ్లినవాళ్లు తమ వంటింట్లోకి ఎవరిని రానిచ్చారు, కూతురి పెళ్లి ఎవరితో చేశారు అన్నది కనుక్కోవాలి. ఆ పరీక్షలో ఆస్తికుల పంక్తి, నాస్తికుల పంక్తి, రెండింట్లోనూ నెగ్గినవారూ తప్పినవారూ ఉంటారు.

బయటి ప్రపంచంలో ఈ తరహా చిత్రాలకు పెద్ద సంప్రదాయమే ఉంది. ఫ్రెంచి దర్శకుడు జాన్ రూష్ 1955లో 'లే మెత్ర్ ఫూ' తీశాడు. ఆఫ్రికాలోని అక్రా దగ్గర, హౌకా అనే మత ఉద్యమానికి చెందిన భక్తులకు వలస ప్రభువుల ఆత్మలు పూనడం అందులో విషయం. తీయమని పిలిచింది ఆ పూజారులే. చూసిన ఆఫ్రికా విద్యార్థులకు అవమానంగా తోచింది, బ్రిటిష్ పాలకులకు ఎగతాళిగా కనపడి నిషేధించారు. పూనకం చూపిన రూష్ మర్నాడు ఆ మనుషులే కూలిపనిలో నవ్వుతూ ఉండటమూ చూపాడు. చిత్రానికి బలమైన భాగం అదే. అమెరికాలో పీటర్ అడేర్ 1967లో తీసిన 'హోలీ గోస్ట్ పీపుల్' వెస్ట్ వర్జీనియాలో పాములు పట్టుకుని ప్రార్థన చేసే ఒక చిన్న చర్చిది. వెక్కిరింపు లేదు, పొగడ్త లేదు. చివరికి పాము పాస్టరును కరవడమూ చిత్రంలో పడింది. రాబర్ట్ గార్డ్‌నర్ 1986లో 'ఫారెస్ట్ ఆఫ్ బ్లిస్'లో కాశీని తొంభై నిమిషాలు ఒక్క వ్యాఖ్యానమూ లేకుండా చూపాడు. ఆ మౌనం కొందరికి గౌరవంగా కనిపించింది. మాట తీసేస్తే మనుషులు వింత ప్రాణుల్లా మిగిలారని మరికొందరు తప్పుపట్టారు. తెలుగు పంక్తి సంగతి చూస్తే రెండో వాదనకే బలం ఎక్కువ.

భారతీయ హేతువాదుల మీద బ్రిటిష్ ఛానల్ ఫోర్ కోసం రాబర్ట్ ఈగిల్ 1995లో తీసిన 'గురు బస్టర్స్' వేరే రకం. బి. ప్రేమానంద్ బృందం ఊరూరా తిరిగి బాబాల గారడీలు విప్పి చూపడం అందులో ఉంటుంది. పసుపు నీళ్లలో ముంచిన నిమ్మకాయను సున్నం రాసిన కత్తితో కోస్తే రక్తం కారినట్టు ఎర్రబడటం, నాలుక మీద కర్పూరం వెలిగించడం లాంటి ప్రదర్శనలు తెలుగునాట నాస్తిక కార్యకర్తలూ చేసేవే. చూడ్డానికి సరదాగా ఉంటాయి. కానీ గారడీ విప్పినంత మాత్రాన గారడీవాడి దగ్గరికి జనం వెళ్లడానికి కారణం విప్పినట్టు కాదు. జబ్బు, అప్పు, పిల్లలు లేకపోవడం, ఎవరూ వినిపించుకోకపోవడం అక్కడే ఉంటాయి. ఆనంద్ పట్వర్ధన్ ఈ దారిని ఇంకొంచెం ముందుకు తీసుకెళ్లాడు. 2018లో వచ్చిన 'వివేక్'లో నరేంద్ర దాభోల్కర్, గోవింద్ పన్సారేల హత్యలనుంచి మొదలుపెట్టి, నమ్మకం రాజకీయంగా ఎలా మారుతుందో నాలుగు గంటలకు చేరువగా చూపాడు. ఆమ్‌స్టర్‌డాం ఉత్సవంలో ఉత్తమ చిత్రమైంది. అది ఉద్యమ చిత్రం. అలా అని దాచుకోదు కూడా. తెలుగులో బి. నర్సింగరావు 'మా ఊరు' తెలంగాణ పల్లె బతుకును, దాని పండుగలతో, పనితో కలిపి చూపింది. అందులో భక్తి విడి విషయంగా రాదు, పొలం పనికి పక్కనే వస్తుంది. డెల్టా చిత్రానికి పనికొచ్చే నమూనా ఇదే అనిపిస్తుంది.

సాధనాల మార్పు కూడా ఈ విషయాన్ని మార్చింది. 1948లో ఏర్పడ్డ ఫిల్మ్స్ డివిజన్ చిత్రాలు సినిమాకు ముందు హాల్లో తప్పనిసరిగా వేసేవారు. జనం వాటిని న్యూసు రీళ్లనేవారు. 16 ఎం.ఎం. కెమెరాలో నాలుగు వందల అడుగుల రీలు పదకొండు నిమిషాలు నడిచేది. కొలుపులో పూనకం ఎప్పుడు వస్తుందో ఎవరికీ తెలియదు. రీలు ఖరీదు తెలిసిన కెమెరామన్ అది వచ్చేదాకా ఆగి, రాగానే బటన్ నొక్కేవాడు. అందుకే పాత చిత్రాల్లో జనం ఎప్పుడూ పూనకంలోనే ఉంటారు. అంతకుముందు గంటల తరబడి సాగే ఎదురుచూపు, ఆవలింతలు, టీలు, డప్పుల వాళ్ల బేరాలు రీలు దాకా రాలేదు. వీడియో వచ్చాక ఆ రాత్రంతా తీయవచ్చు. ఇప్పుడు సెల్‌ఫోను ప్రతి భక్తుడి చేతిలోనూ ఉంది. అమ్మవారు పూనిన మనిషి తెలివొచ్చాక తన పూనకాన్ని తానే ఫోనులో చూసుకునే రోజులివి.

ఇందులో అనుమతి అనే చిక్కు మిగిలే ఉంది. పూనకంలో ఉన్న స్త్రీ తన బొమ్మ తీయడానికి ఒప్పుకుందనుకోవడం ఎలా? ఆలయ కమిటీ ఇచ్చిన కాగితం ఆమె ఇచ్చినట్టు కాదు. జుట్టు విరబోసుకుని, చీర చెదిరి, ఊగుతున్న మనిషి బొమ్మ మర్నాడు ఆమె పిల్లలు చదివే బడిదాకా పోతుంది. తెలివొచ్చాక చూపించి, ఉంచమంటే ఉంచి, తీసేయమంటే తీసేయడం తప్ప వేరే దారి లేదు. రూష్ తాను తీసినవి తీయబడినవాళ్లకే తిరిగి చూపేవాడు. డెల్టా ఊళ్లలో రచ్చబండ దగ్గర తెర కట్టి వేస్తే అక్కడ జరిగే గొడవే ఇంకో చిత్రానికి సరిపోతుంది.

నాస్తికుల విషయంలోనూ ఎవరూ తీయని భాగం ఉంది. పటమటలో ఇప్పుడున్నది నాస్తికత్వాన్ని పోరాడి తెచ్చుకున్న తరం కాదు, ఇంటి ఆస్తిగా పొందిన తరం. జంధ్యం తెంపిన తాతకు అది సాహసం. జంధ్యమే లేని ఇంట పుట్టినవాడికి సంప్రదాయం. జర్మన్ మానవశాస్త్రవేత్త స్టెఫాన్ బైండర్ 2020లో వెలువరించిన 'టోటల్ ఎథీయిజం' అనే గ్రంథంలో తెలుగు నాస్తికుల దైనందిన ఆచరణను లోతుగా పరిశీలించాడు. తెరమీద ఇంకా ఆ ఓపిక కనపడలేదు. వారసత్వంగా వచ్చిన అవిశ్వాసం, వారసత్వంగా వచ్చిన విశ్వాసం ఒకే ఇంట్లో పెళ్లి ద్వారా కలిసినప్పుడు శుభలేఖ మీద ఏం అచ్చు వేస్తారు, బిడ్డ పుడితే బారసాల ఉంటుందా, ముసలివాళ్లు పోతే దినం చేస్తారా అన్నవి కెమెరాకు తగిన ప్రశ్నలు.

తీయవలసిన మరో చోటు స్టువర్టుపురం, బాపట్లకు దగ్గరే. మద్రాసు ప్రభుత్వం 1910లలో నేరస్థ తెగలన్న ముద్ర వేసిన ఎరుకల కుటుంబాలకు అక్కడ సెటిల్‌మెంటు కట్టి, నడిపే పని సాల్వేషన్ ఆర్మీకి అప్పగించింది. ప్రార్థన, హాజరు, పని, కాపలా. ఆరు దశాబ్దాల తర్వాత, 1970లలో, లవణం, ఆయన భార్య హేమలత అదే ఊరికి వెళ్లారు. కవి గుర్రం జాషువా కూతురు హేమలత. దేవుడి పేరు లేకుండా మనుషుల్ని మార్చవచ్చన్నది వాళ్ల పట్టు. దొంగతనం మానిపించడం, పిల్లల్ని బడిలో వేయడం, పోలీసుల దగ్గర వాళ్ల తరఫున మాట్లాడటం వాళ్ల రోజువారీ పని. హేమలత నెలకొల్పిన సంస్కార్ సంస్థ నిజామాబాద్ జిల్లాలో జోగిని వ్యవస్థ మీదా పనిచేసింది. అక్కడ సమస్య నేరుగా దేవతకు అంకితం చేయడమే కాబట్టి నాస్తికురాలి మాట ఎలా చెల్లిందో తెలుసుకోదగ్గదే. స్టువర్టుపురం మీద దొంగల కథలుగా కథాచిత్రాలు వచ్చాయి. ఆ ఊరి పెద్దవాళ్లను కూర్చోబెట్టి, చర్చి గంట కొట్టినవాళ్లు ఏం ఇచ్చారు, దేవుడు లేడన్నవాళ్లు ఏం ఇచ్చారు, ముద్ర తొలగించడానికి ప్రభుత్వం ఎంతకాలం పట్టించింది అని అడిగే చిత్రానికి అక్కడ విషయం సిద్ధంగా ఉంది.